పేర్రాజు చెరువును సర్కారు భద్రపరిచిన వైనం

రండర్రా, ఆ గుమ్మంలో నిలబడితే నా మాట మీదాకా రాదు. ఇలా చాప మీదికి జరగండి. చేతుల్లో ఫోన్లుంటే ఉండనివ్వండి, ఈ సంగతి ఫోన్లో చెరువు గురించే. కాసేపు వాటిని బోర్లా పెట్టండి చాలు.

మన గోరింటపేటలో, చేపల మార్కెట్టు వెనక సందులో వరహాలమ్మ అని ఒకావిడ ఉండేది. ఆవిడ మొగుడు పేర్రాజు బతికినన్నాళ్ళూ ఊరివాళ్ళ చేపల చెరువులకు కాపలా కాశాడు. గట్టు మీద పాక, చేతిలో టార్చిలైటు, మెడలో ఎర్ర తువ్వాలు. ఎవరి చెరువులో చేప తిండి మానేసిందో ఆసామి కంటే ముందు ఈయనకే తెలిసేది. కాలు విరిగి మంచాన పడ్డాక, పొద్దు గడవడం లేదని గోడవైపు తిరిగి పడుకుంటుంటే, కోడలు నాగవేణి ఫోన్లో ఒక ఆట పెట్టి చేతికిచ్చింది. అదీ చేపల చెరువే. గొయ్యి తవ్వాలి, నీళ్ళు పెట్టాలి, పిల్ల వదలాలి, వేళకి మేత వెయ్యాలి. చెరువు బాగుంటే లెవల్ పెరుగుతుంది. సెంటు నేలకి కూడా ఆసామి కానివాడు, ఆ ఫోన్లో లెవల్ నలభై చెరువుకి ఆసామి అయ్యాడు. శీలావతులూ, బొచ్చెలూ నీళ్ళ మీద తళతళలాడుతుంటే ఆయన మొహం చూడాలి మీరు, కొత్తగా కాళ్ళొచ్చినవాడిలా ఉండేది.

ఆ ఆటలో ఒక ముచ్చటుంది. మేత వేసేటప్పుడు చేపల్ని పిలిచే పిలుపు, ఆడేవాళ్ళు తమ గొంతుతోనే పెట్టుకోవచ్చు. పేర్రాజు పెట్టుకున్నాడు. మేతబుట్ట బొమ్మ మీద వేలు పెడితే చాలు, "రండమ్మా రండి, వేళైపోయింది, తిందురుగాని రండి" అని ఆయన గొంతు వినపడేది. చేపలన్నీ గట్టు దగ్గరికి గుమిగూడేవి. వేలు ఒకసారి పెడితే ఒక పిలుపు, ఒక బుట్ట మేత. అంతే లెక్క.

పేర్రాజు పోయాడు. ఆయన బట్టలు ఎవరెవరికో ఇచ్చేశారు, మంచం విప్పేశారు. ఫొటో అంటే పెళ్ళినాటిది ఒకటుంది, అందులో ఆయన ఎవరో పక్కింటి కుర్రాడిలా ఉంటాడు. గొంతు మాత్రం ఇంకెక్కడా లేదు, ఆ చెరువులోనే ఉంది.

ఇక వరహాలమ్మ ఏం చేస్తుంది? వేలు పెట్టింది. పొద్దున్న కాఫీ తాగుతూ ఒకసారి, కూర తరుగుతూ ఒకసారి, ఊరికే ఒకసారి. ఆయన పిలుస్తూ ఉండేవాడు, మేత పడుతూ ఉండేది. పైగా ఆవిడ గోదావరి మనిషి. విస్తట్లో చెయ్యి అడ్డం పెట్టినా వేళ్ళ సందుల్లోంచి వడ్డించే చెయ్యి అది. వియ్యాలవారికి కొసరి కొసరి పెట్టినట్టు చేపలకి పెట్టింది. మేత కుళ్ళి నీళ్ళు పచ్చబడ్డాయి. చేపలు ఒక్కొక్కటీ తెల్లటి పొట్టలు పైకి పెట్టి తేలడం మొదలుపెట్టాయి.

నాగవేణి చూసి ఫోన్ లాక్కుంది.

"అత్తయ్యా, ఇలాగైతే చెరువు పోద్ది. చేపలన్నీ చచ్చిపోతే ఆట మొత్తం చెరిగిపోద్ది. మావయ్య గారి గొంతు కూడా పోద్ది."

వరహాలమ్మ చేతిలో చింతపండు అలాగే ఉండిపోయింది. "మరి పిలవొద్దంటావేటే ఆయన్ని?"

"పిలవొద్దనట్లేదు. ఇందులో ఆట దాచుకోడానికి మూడు గదులున్నాయి. మావయ్య గారి చెరువుని రెండో గదిలో దాచేద్దాం, ముట్టుకోకుండా. మీరు మొదటి గదిలో కొత్త గొయ్యి తవ్వుకుని మొదట్నించీ ఆడండి. ఎంత మేత వెయ్యాలో చేతికి తెలిసాక మళ్ళీ ఆయన చెరువులోకి వెళ్దురుగాని. రెండు మీటలు నొక్కితే అయిపోయే పని."

"అయితే నొక్కెయ్."

"పొయ్యి మీద పాలున్నాయి, ఉండండి," అంది నాగవేణి. ఆ పాలు పొంగాయి, పొయ్యి తుడుచుకుంది, పొద్దు పోయింది. రేపు చేద్దాంలే అనుకున్నారు.

ఆ రేపే వీధిలోకి మైకు ఆటో వచ్చింది.

ఏమయిందంటే, పైన ఎక్కడో ఒక పెద్ద అధికారి గారి అల్లుడు ఏదో ఆటలో కోట మీద కోట కట్టుకుంటూ పోయి, పొరపాటున 'మళ్ళీ మొదలు' అన్న మీట నొక్కేశాడట. కోటలన్నీ పోయాయి. అల్లుడు అన్నం మానేశాడు. కూతురు పుట్టింటికి ఫోన్ చేసింది. మర్నాటికల్లా 'సంచిత ప్రగతి పరిరక్షణ శాఖ' పుట్టింది. మైకులో ఆడగొంతు తీయగా చెప్పుకుపోతోంది: ప్రజలు ఆటల్లో సాధించిన ప్రగతి జాతి సంపద. దాన్ని ప్రజల చేతుల్లో వదిలెయ్యడం క్షేమం కాదు. కొత్తగా ఆట మొదలుపెట్టదలచినవారు తమ పాత ప్రగతిని ముందుగా శాఖలో జమ చేయవలెను. జమ చేయకుండా మొదలుపెట్టినవారు శిక్షార్హులు.

నాగవేణి మీట దాకా వెళ్ళిన వేలు వెనక్కి తీసుకుంది. ప్రభుత్వోద్యోగం కోసం పరీక్షలు రాస్తున్న పిల్ల, కేసంటే భయం.

అత్తాకోడళ్ళు ఇద్దరూ ఆఫీసుకి వెళ్ళారు. పాత ధాన్యం గోడౌనుకి సున్నం కొట్టి బోర్డు పెట్టారు. లోపల ఒక ఇనప బీరువా. దానికి పసుపు రాసి కుంకుమ బొట్లు పెట్టి, పైన నిమ్మకాయ కట్టారు. బీరువాలో ఒక కంప్యూటరు. ముందు కుర్చీలో సూపరింటెండెంటు త్రివిక్రమరావు గారు.

వరహాలమ్మ అర్జీ చెప్పి రాయించింది. 'అయ్యా, నా చెయ్యి మంచిది కాదు, మేత ఎక్కువ వేసి చేపల్ని చంపేస్తున్నాను, కాబట్టి మా ఆయన చెరువు భద్రంగా ఉంచవలెను' అని. త్రివిక్రమరావు గారు దాన్ని రెండుసార్లు చదివి తల పంకించారు.

"సదరు చెరువు ప్రస్తుత స్థాయి?"

"లెవల్ నలభై అండి."

"జీవరాశి?"

"శీలావతులూ బొచ్చెలూనండి. నేను చంపినవి పోగా మిగిలినవి."

"రెండో గదిలో దాచుకుంటే సరిపోద్దనుకున్నామండి," అని నాగవేణి నెమ్మదిగా అంది.

ఆయన కళ్ళద్దాలు తీశారు. "అమ్మాయీ, సొంతంగా దాచుకోవడాన్ని అనధికార భద్రత అంటారు. అది అభద్రత కంటే ప్రమాదకరం. అభద్రతలో వస్తువు పోయే అవకాశం మాత్రమే ఉంటుంది. అనధికార భద్రతలో వస్తువు ఉండిపోయే అవకాశం కూడా ఉంది. అప్పుడు శాఖ దేనికి?"

చెరువుని ఫోన్లోంచి కంప్యూటర్లోకి ఎక్కించారు. తరవాత ఫోన్లో ఉన్నదాన్ని చెరిపేశారు. "ఒకే వస్తువు రెండు చోట్ల ఉంటే ఎక్కడ పోయిందో తేల్చడం కష్టం," అన్నారు. కంప్యూటరు ఆపేసి, కరెంటు తగిలితే ప్రగతి మారిపోతుందని వైరు కూడా పీకేసి, బీరువాకి తాళం వేసి, తాళం మీద లక్క కరిగించి సీలు కొట్టారు. ఆ సీలు చూశాక వరహాలమ్మకి నిజంగానే ధైర్యం వచ్చింది. ఇంత పసుపు, ఇంత లక్క ఉన్నాక ఎక్కడికి పోతాడు మనిషి అనుకుంది.

ఇంటికొచ్చి కొత్త గొయ్యి తవ్వింది. పిలుపు పెట్టమంటే తన గొంతుతో "రా, రా" అని పెట్టింది. తన గొంతు వినడానికి తనకేం సరదా? అందుకని వేళకి తప్ప వేలు పెట్టలేదు. చేపలు బతికాయి.

మాసికం వెళ్ళాక ఒకసారి ఆయన గొంతు వినాలనిపించింది. ఆఫీసుకెళ్ళింది.

"ఒక్కసారి తలుపు తీసి వినిపించండి బాబుగారూ. నిలబడే వింటాను, కూర్చోను కూడా."

త్రివిక్రమరావు గారు ఆవిడ ఫోన్ అడిగి చూశారు. "మీ స్థాయి ఎంతమ్మా?"

"మూడో నాలుగో అండి. ఇప్పుడే పిల్ల వదిలాను."

"జమ చేసిన వ్యక్తి లెవల్ నలభై. మీరు లెవల్ నాలుగు. ఒకరి ప్రగతిని ఇంకొకరికి చూపించే అధికారం మాకు లేదు."

"ఆ మనిషిని నేనేనండి."

"అప్పుడు మీరే. మళ్ళీ మొదలుపెట్టడంతో ఆ మీరు ముగిసిపోయారు. ఇది మేము అన్న మాట కాదు, 'మళ్ళీ మొదలు' అన్న మీట మీదే రాసి ఉంది."

వరహాలమ్మ తన చేతుల వంక చూసుకుంది. పాత గాజులే, పాత చేతులే. "మరి నేను మళ్ళీ నేనవ్వాలంటే ఏం చెయ్యాలండి?"

"లెవల్ నలభైకి రండి."

వచ్చింది. నవ్వకండి, నిజంగానే వచ్చింది. ఎండాకాలమంతా ఆడింది. ఏ పూట ఎంత మేత వెయ్యాలో, నీళ్ళ రంగు ఎప్పుడు మారితే చెయ్యి ఆపాలో నేర్చుకుంది. ఒక్కోసారి నాగవేణి పిలిచినా పలికేది కాదు, అచ్చం పేర్రాజులాగే. వానలు పడే వేళకి లెవల్ నలభై అందుకుని, ఇస్త్రీ చీర కట్టుకుని ఆఫీసుకెళ్ళింది.

త్రివిక్రమరావు గారు లేచి నిలబడి అభినందించారు. కూర్చుని, "ఇప్పుడొక చిక్కుందమ్మా," అన్నారు. "ఒకే పేరు మీద, ఒకే స్థాయిలో, ఒకే రకం చెరువులు రెండు. ఇది నకలు కిందికి వస్తుంది. రెండింటిలో ఒకటి రద్దు కావాలి."

వరహాలమ్మ ఒక్క క్షణం కూడా ఆలోచించలేదు. "నాది తీసెయ్యండి."

"తీసేస్తే మీ స్థాయి సున్నా అవుతుంది. సున్నాకి నలభై చూపించలేము."

"ఆయనది తీసెయ్యడానికి ఒప్పుకోనండి."

"ఒప్పుకోవద్దు. మేమూ సలహా ఇవ్వము. నిర్ణయం పూర్తిగా మీ స్వేచ్ఛ."

ఆవిడ బయటికొచ్చి బల్ల మీద కూలబడింది. చెంగు నోట్లో కుక్కుకుంది గానీ ఏడవలేదు. "ఊళ్ళో దొంగలు పడ్డా ఏదో ఒకటి వదిలేసి పోతారే," అంది నాగవేణితో, "వీళ్ళు భద్రం చేశారే అమ్మాయ్, ఇక దొరకడు."

ఇంతలో శాఖకి వార్షిక తనిఖీ వేళయింది. జమ చేసిన ప్రగతులన్నీ సజీవంగా ఉన్నాయో లేదో చూడాలని పైనుంచి ఉత్తర్వు. ఆట బతికుందో లేదో తెలియాలంటే ఆడి చూడాలి గదా. లక్క పగలగొట్టారు, వైరు పెట్టారు, ఉద్యోగులు తలా ఒకటి పంచుకుని ఆడారు. పేర్రాజు చెరువు త్రివిక్రమరావు గారి వంతుకి వచ్చింది. శబ్దం వల్ల కార్యాలయ గౌరవానికి భంగమని స్పీకరు మూసి ఆడారాయన. మొదట్లో చిటికెన వేలితో ముట్టుకున్నారు. తరవాత్తరవాత భోజనం డబ్బా తెరవడం మర్చిపోయారు. ఉద్యోగుల కోసం ప్రజలు ఎదురుచూడ్డం పోయి, ప్రజల కంటే ముందే ఉద్యోగులొచ్చి ఆ ఆఫీసు తలుపులు తెరవడం ఆ నెలలోనే. కాకపోతే ప్రజలొస్తే "తనిఖీ జరుగుతోంది" అని తిప్పి పంపేవారు.

తనిఖీ పూర్తయ్యేసరికి చెరువు లెవల్ నలభై ఒకటి. మిగతా ఆటలూ తలా కాస్త పెరిగాయి.

ఆడిటరు శేషఫణి గారు వచ్చారు. సన్నటి మనిషి, మాట అంతకంటే సన్నం.

"జమ నలభై. ఇప్పుడు నలభై ఒకటి. ఈ తేడా ఏమిటి?"

"వృద్ధి సార్."

"ప్రజలు దాచుకున్నదానిలో వృద్ధా? ఎవరి అనుమతితో?"

"పెరిగితే మంచిదే గదా సార్."

"తగ్గితే నిర్లక్ష్యం. పెరిగితే జోక్యం. యథాతథమే పరిరక్షణ. ఈ అదనపు ప్రగతిని చట్టబద్ధంగా నష్టపరిచి, నలభైకి తెచ్చి నివేదించండి."

నష్టపరచడం అంత తేలిక కాదని అప్పుడు తెలిసింది. కార్ల ఆట ఆడే గుమాస్తా బండిని గోడకి గుద్దితే, గోడని గుద్దినందుకు ఆ ఆట బహుమతి ఇచ్చింది. త్రివిక్రమరావు గారు చెరువు ముందు కూర్చుని చేపల్ని పస్తు పెడదామనుకుంటే, మధ్యాహ్నానికల్లా మనసొప్పక బుట్ట బొమ్మ నొక్కేశారు. శాఖ గంభీరంగా ఆలోచించి, 'నష్ట నిపుణులు' అనే హోదా సృష్టించింది. నష్టం చేయడంలో లిఖితపూర్వక అనుభవం ఉన్నవారు కావాలి. అప్పుడెవరికో గుర్తొచ్చింది, 'మేత ఎక్కువ వేసి చంపేస్తున్నాను' అని ఒకావిడ సంతకంతో సహా ఇచ్చిన అర్జీ ఉందని.

బంట్రోతు వచ్చి వరహాలమ్మకి ఉత్తర్వు ఇచ్చాడు.

"ఏటండీ ఇది?" అంది నాగవేణి.

"మీ అత్తగారికి సర్కారు ఉద్యోగం వచ్చింది. చేపల్ని చంపాలంట."

నాగవేణికి నవ్వాలో ఏడవాలో తెలియలేదు. ఇన్నేళ్ళుగా పరీక్షలు రాస్తున్నది తను.

మర్నాడు వరహాలమ్మని బీరువా ముందు కూర్చోబెట్టారు. ఆడిటరు గారు ఒకవైపు, సూపరింటెండెంటు గారు ఒకవైపు. తెర మీద పేర్రాజు చెరువు. గట్టు మీద ఎర్ర తువ్వాలు బొమ్మ. "స్పీకరు తెరవండి బాబూ, వినపడకపోతే నా చెయ్యి సాగదు," అంది ఆవిడ. తెరిచారు. వేలు పెట్టింది.

"రండమ్మా రండి, వేళైపోయింది, తిందురుగాని రండి."

గోడౌను మొత్తం ఆ గొంతు నిండిపోయింది. గుమాస్తాలు తలెత్తారు. త్రివిక్రమరావు గారు ఇన్నాళ్ళూ తను మేత వేస్తున్న చెరువు ఎవరిదో అప్పుడే తెలుసుకున్నట్టు కుర్చీలో సర్దుకున్నారు. వరహాలమ్మ ఇంకోసారి నొక్కింది, మళ్ళీ విన్నది. అడ్డుకునేవాళ్ళు లేరు. సాయంత్రం దాకా నొక్కినా తప్పు లేదు, నొక్కడమే ఉద్యోగం. కానీ మూడోసారికి వేలు గాలిలో ఆగిపోయింది. నీళ్ళ రంగు మారుతోంది. ఇన్ని నెలలు నేర్చుకున్న చెయ్యి అది, ఇక పడలేదు.

"కానివ్వండమ్మా," అన్నారు ఆడిటరు గారు.

"వాటికి చాలండి. ఇంక వేస్తే చస్తాయి."

"చంపడానికేగా మిమ్మల్ని నియమించింది?" అని, ఆయన అంతలోనే ఏదో తట్టి చెయ్యెత్తారు. "ఆగండి. ఇందాకటి ఆ శబ్దం ఏమిటి?"

"మా ఆయనండి."

"జమ చేసిన నాటి వివరాలలో చెరువు ఉంది, చేపలున్నాయి. మనిషి లేడు."

త్రివిక్రమరావు గారు గొంతు సవరించుకున్నారు. "అది ధ్వని సార్. నమోదు కాలేదు."

"నమోదు కానిది ఉండటానికి వీల్లేదు. అసలు ఆ పెరిగిన లెవలు ఇదే అయ్యుంటుంది. తొలగించండి."

ఇన్నాళ్ళూ కనపడకపోయినా ఉన్నాడన్న ధీమా వరహాలమ్మకి ఉండేది. ఇప్పుడు తన కళ్ళముందే, తన చేత్తో పిలిపించబట్టే పోతున్నాడు. ఆవిడ కుర్చీ చేతుల్ని గట్టిగా పట్టుకుంది. ఆ ఆఫీసు చుట్టూ తిరిగీ తిరిగీ చెవినపడిన మాటే ఒకటి పైకి వచ్చింది.

"తీసేసే ముందు భద్రం చెయ్యాలి కదండీ. చెయ్యకపోతే శిక్షార్హులని మైకులో చెప్పించారు."

ఇద్దరు అధికారులూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. రూలు రూలే.

"నిజమే," అన్నారు ఆడిటరు గారు, కాస్త ఇబ్బందిగా. "ఎక్కడ భద్రం చేద్దాం? ఇక్కడ పెడితే మళ్ళీ నమోదు కానిది అవుతుంది."

"లెవల్ నలభై ఉన్న వ్యక్తి దగ్గర పెట్టొచ్చు సార్," అన్నారు త్రివిక్రమరావు గారు, బల్ల మీది దుమ్ము తుడుస్తూ. "ఈవిడకి ఉంది."

"ఈవిడ దగ్గర ఇప్పటికే ఒక చెరువుంది. నకలు అవుతుంది."

"చెరువు ఇవ్వడం లేదు సార్. ధ్వని ఇస్తున్నాము. ధ్వని ప్రగతి కాదు."

"ధ్వనిని విడిగా ఎలా ఇస్తారు?"

"గిన్నె లేకుండా పులుసు ఇవ్వలేరు కదండీ," అంది వరహాలమ్మ.

ఆ మాట మీద చాలాసేపు చర్చ జరిగింది. చివరికి పేర్రాజు చెరువుని చెరువుగా కాక, 'సదరు ధ్వనిని ఉంచు పాత్ర'గా పరిగణించి, ఆవిడ ఫోన్లో రెండో గదిలోకి ఎక్కించి, బీరువాలోది చెరిపేశారు. ఆ ఎక్కించడానికి నొక్కింది రెండు మీటలు. లక్క కరిగించడానికి మాత్రం పూటంతా పట్టింది, ఫోనుకి సీలు ఎక్కడ కొట్టాలో తేలక.

శాఖకి ఆ ఏడు పైనుంచి ప్రశంస వచ్చింది. కంప్యూటర్లో పేర్రాజు చెరువు ఉండిన అరలో తగ్గుదల లేదు, పెరుగుదల లేదు, నమోదు కానిది లేదు, ఎందుకంటే అందులో ఏమీ లేదు. ఇంత నిర్దోషమైన అర ఇంకెక్కడా కనపడలేదని, మిగతా అరలన్నీ కూడా ఆ ప్రకారమే తయారు చెయ్యమని ఉత్తర్వులొచ్చాయి. చేశారు. ఊళ్ళో ఎంతమంది కోటలు, కార్లు, పొలాలు అలా పరిపూర్ణంగా భద్రమైపోయాయో చెప్పలేను. త్రివిక్రమరావు గారు మాత్రం మధ్యాహ్నం వేళల్లో ఖాళీ తెర ముందు కూర్చునేవారట.

వరహాలమ్మ ఉద్యోగం ఆ రోజుతో సరి. ఇంటికొచ్చి కాళ్ళు కడుక్కుని, వీధి అరుగు మీద నాగవేణి పక్కన కూర్చుంది. రెండో గది తెరిచి బుట్ట బొమ్మ మీద వేలు పెట్టింది. రండమ్మా రండి, అన్నాడు పేర్రాజు. చేపలన్నీ వచ్చాయి. మేత పడింది. నీళ్ళు కాసేపు కదిలి నెమ్మదించాయి.

నాగవేణి కళ్ళు తుడుచుకుని, "ఇంకోసారి పిలిపించండి అత్తయ్యా," అంది.

వరహాలమ్మ ఫోన్ ఒళ్ళో బోర్లా పెట్టుకుంది.

"వద్దే. తిన్నాయి. రేపు పిలుస్తాడులే."

అదర్రా సంగతి. మీరు కూడా ఏదైనా మళ్ళీ మొదట్నించి మొదలుపెట్టే ముందు, పాతదాన్ని మీ చేత్తోనే పక్కన పెట్టుకోండి, పాలు పొంగినా సరే. ఎవరైనా పసుపు రాసిన బీరువా చూపించి మేం దాస్తాం ఇవ్వమంటే, వాళ్ళని కూర్చోబెట్టి మంచినీళ్ళిచ్చి, ఈ వరహాలమ్మ సంగతి మొదట్నించి చివరిదాకా చెప్పండి. ఒక్క ముక్క వదలకండి. నేను చెప్పింది నాతోనే ఉంటే ఏం లాభం, మీ నోళ్ళలో ఉండాలి.